ఆకారము – ఆంతర్యము

శ్రీమద్రామాయణము సుందరకాండమునందలి 35వ సర్గ పారాయణపరులకు మిక్కిలి ప్రీతిపాత్రమైనది. అందు సీతాదేవి హనుమంతుని ఒక ప్రశ్న అడిగినది. శ్రీరామలక్ష్మణుల ఆనవాళ్లేవి? ఆ ప్రభువు ఆకృతి యెట్టిది? ఊరువులెట్టివి, బాహువులెట్టివి? పైపైన చదువువారికి ఇది పతిని ఎడబాసిన సాధ్వి ఆయనను గూర్చి నాలుగు మాటలు వినగోరి అడిగిన ప్రశ్నవలె తోచును. కొంతవరకు అది నిజమే. కాని ఆ ప్రశ్న వెనుక ప్రాణసంకటము కలదు. రావణుడు విధించిన 12 మాసముల గడువులో 2 మాసములు మాత్రమే మిగిలియున్నవి. అంతకు కొంత ముందుగనే ఆ తల్లి తన జడను మెడకు బిగించుకొని ప్రాణములు విడువ తలచినది. అట్టి సమయమున చెట్టుకొమ్మలనుండి రామకథ వినవచ్చినది. పిదప ఒక వానరుడు దిగివచ్చి తాను రామదూతనని పలికినాడు. ఈతడు నిజముగా దూతయా, మాయావియా? ఇది తేలనిదే ఆమె బ్రతుకునకు నిలుకడ లేదు. తేల్చుకొనుటకు ఆమె చేత నున్న సాధనము ఒక్క ప్రశ్న మాత్రమే.

ఆమె సంశయము అకారణమైనది కాదు. పంచవటిలో ఒక పరివ్రాజకుడు పర్ణశాల ముంగిటికి వచ్చెను. మెత్తని కాషాయవస్త్రము, శిఖ, ఛత్రము, పాదుకలు, ఎడమ భుజమున దండకమండలువులు, నోట వేదఘోష. సన్న్యాసి కుండవలసిన చిహ్నములలో ఒక్కటియు లోపించలేదు. గృహధర్మము నెరిగిన జానకి ఆసనమిచ్చి, పాద్యమిచ్చి, అతిథిసత్కారము చేసినది. ఆ వేషములోనివాడే రావణుడు. చిహ్నములను నమ్మి ఇట్లు మోసపోయిన ఆ ఇల్లాలు, హనుమ నమస్కరించుటకు ఒక్కొక్క అడుగు దగ్గరకు వచ్చినకొలది అధికముగా శంకించి, పట్టుకొనియున్న అశోకశాఖను విడిచి నేలపై కూలబడినదని మహర్షి వర్ణించినాడు. ఇది కలయా, చిత్తభ్రమయా, ఉన్మాదమా, ఎండమావియా అని తన్ను తాను పరీక్షించుకొన్నది. ఈ వానరుని చూడగా నా మనసునకు ప్రీతి కలుగుచున్నదే, కావున ఈతడు రావణుడు కాకపోవచ్చునని కూడ అనుకొన్నది. హృదయము చెప్పిన ఆ సాక్ష్యము సత్యమే. అయినను ఆమె దానితో సరిపెట్టుకొనలేదు. మనసునకు నచ్చినదని నమ్ముట వేరు, విచారించి నమ్ముట వేరు. ఆనవాళ్లు చెప్పుమని అడిగినది.

ఇచట ఒక సందేహము పొడసూపును. ఆకారము చేత వంచింపబడినావిడ మరల ఆకారమునే గూర్చి ప్రశ్నించుటేల? కొంచెము నిదానించి చూచినచో ఆమె వివేకము తెలియును. కట్టుబట్టలను ఎవడైనను కట్టవచ్చును. కాని మఱియొకని శరీరమును, స్వభావమును ఉన్నదున్నట్లు చెప్పవలెనన్నచో వానితో చెలిమి చేసియుండవలెను. రావణుడు శ్రీరాముని ఎదుట నిలిచి కన్నులార చూచినవాడు కాడు, ఆయన లేని వేళ చూచి ఆశ్రమమునకు వచ్చినవాడు. కావున సీతాదేవి హనుమంతుని వేషమును పరీక్షించుట లేదు, శ్రీరామునితో అతనికి గల సాన్నిహిత్యమును పరీక్షించుచున్నది.

హనుమ చెప్పిన సమాధానపు క్రమము గమనింపదగినది. అమ్మవారు అడిగినది ఊరువులను గూర్చి, బాహువులను గూర్చి. ఆయన ఆ విశాలనేత్రములను ఒక్క మాటలో స్మరించి, రూపమును దాక్షిణ్యమును రెండును ఆ స్వామికి పుట్టుకతో వచ్చినవని కలిపి చెప్పి, వెంటనే గుణములలోనికి ప్రవేశించినాడు. తేజస్సు, ఓర్పు, బుద్ధి, యశస్సు వీనికి సూర్యుని, భూదేవిని, బృహస్పతిని, ఇంద్రుని పోలికగా తెచ్చినాడు. జీవలోకమును, తనవారిని, ధర్మమును రక్షించువాడనుచు, వానితోపాటు తన నడవడిని తాను కాపాడుకొనువాడని కూడ చేర్చినాడు. లోకమును కాపాడు రాజులు పెక్కుమంది యుందురు. తన నడతకు తానే కాపరియైనవాడు అరుదు. ఆయన వేదవేదాంగములలోను ధనుర్వేదములోను నిష్ఠ గలవాడని, మర్యాదలను తాను పాటించి ఇతరులచే పాటింపజేయువాడని చెప్పిన తరువాతగాని అవయవముల ప్రసక్తి రాలేదు. విశాలమైన మూపులు, దీర్ఘబాహువులు, శంఖము వంటి కంఠము, కండలో మునిగి కానరాని మెడ యెముకలు, ఎఱ్ఱజీరల కన్నులు, దుందుభి వంటి స్వరము, నిగనిగలాడు శ్యామవర్ణము, సమముగా తీర్చిన అంగములు అన్నియు అప్పుడు వచ్చినవి. లక్ష్మణస్వామి విషయమున మాత్రము విస్తరము లేదు. అనురాగమున, రూపమున, గుణమున అన్నతో సమానుడు, మేనిచాయ మాత్రము బంగారమని ఒక్క తేడా చూపి ముగించినాడు. ఇద్దరిని ఎరిగిన ఇల్లాలికి ఇంతకుమించి చెప్ప పనిలేదు.

పిదప వచ్చునది సంఖ్యల మాల. మూడింట స్థిరుడు, మూడింట ఎఱ్ఱనివాడు, మూడింట గంభీరుడు, రెండింట తెల్లనివాడు, పదింట పద్మమును బోలినవాడు, నాలుగు కిష్కువుల యెత్తు గలవాడు, 14 జంటల అవయవములు సమముగా నున్నవాడు. ఇట్లు పొడుపుకథలవలె సాగును. సాముద్రిక మెరుగనివారికి ఈ శ్లోకములు కొరుకుడు పడవు. శ్రీవైష్ణవ వ్యాఖ్యాతయగు గోవిందరాజులవారు తమ 'భూషణ' వ్యాఖ్యయందు సాముద్రిక వచనముల నాధారముగా గొని వీనిని విప్పి చెప్పినారు. స్థిరమైనవి వక్షఃస్థలము, మణికట్టు, పిడికిలి. ఎఱ్ఱనివి కనుగొనలు, గోళ్లు, కాలుచేతుల తలములు. గంభీరమైనవి స్వరము, నడక, నాభి. తెల్లనివి దంతములు, నేత్రములు. నడక నాలుగు విధములు, సింహమువలె, శార్దూలమువలె, గజమువలె, వృషభమువలె. కిష్కువనగా 24 అంగుళముల మూర. ఈ లెక్కలన్నియు వినుచుండగా ఇది యేదో తూనికలు కొలతల శాస్త్రమని విసుగు పుట్టవచ్చును. కాని ఆ చెట్టు నీడన వినుచున్న తల్లికి ఇందు ఒక్కొక్క సంఖ్యయు ఒక్కొక్క జ్ఞాపకము. పెండ్లినాడు తన చేతిని గ్రహించిన పిడికిలి యెంత స్థిరమో చెప్పుటకు ఆమెకు వ్యాఖ్యానము అక్కరలేదు.

సాముద్రికమునకు మన పెద్దలు ఇచ్చిన స్థానము కూడ ఇచట తెలియవలెను. 6వ శతాబ్దివాడైన వరాహమిహిరుడు బృహత్సంహితలో పురుషలక్షణములకు ఒక అధ్యాయమునే కేటాయించినాడు. అందును మూడు గంభీరములు చెప్పబడినవి. నాభి, స్వరము ఉన్నవి, మూడవదిగా మాత్రము సత్త్వము చెప్పబడినది. సత్త్వమనగా మనోబలము, ఆపదయందును సంపదయందును చలింపని నిబ్బరము. నాభిని చూడవచ్చును, స్వరమును వినవచ్చును, సత్త్వమును దేనితో కొలువవలెను? శరీరమును కొలుచు శాస్త్రకారుడే కొలబద్దకు అందనిదానిని అదే పట్టికలో చేర్చినాడు. ఈ మాట మరచినవారే సాముద్రికమును పుట్టుమచ్చల పంచాంగముగా చేసినారు. పెండ్లిచూపులలో పిల్ల మేనిచాయను, ముక్కుతీరును, నడకను నలుగురు చేరి తూచి, ఆమె పెద్దలతో మాటలాడు తీరును, ఇంటికి వచ్చినవారికి మంచినీళ్లిచ్చు తీరును ఒక్కరును గమనింపని ఇండ్లు ఇప్పటికిని కలవు. లక్షణము చూచుట తప్పు కాదు, సగము చూచి లేచిపోవుట తప్పు.

బాలకాండారంభమున వాల్మీకి నారదుని అడిగిన 16 గుణములలో రూపమునకు సంబంధించినవి ప్రియదర్శనత్వము, కాంతి మాత్రమే. తక్కినవి కృతజ్ఞత, సత్యవాక్యము, దృఢవ్రతము, అసూయ లేమి, కోపమును జయించుట మొదలగునవి. మహర్షి ప్రశ్నయే అట్లున్నది.

హరికథలలోను చిత్రపటములలోను అంగుళీయకమునకు ప్రాధాన్యము హెచ్చు. ఉంగరమును చూచి సీతమ్మ నమ్మినదనియే లోకము తలచును. ఆదికవి చెప్పిన క్రమము వేరు. లక్షణములను, సుగ్రీవుని మైత్రిని, ఆమె ఋశ్యమూకముపై జారవిడిచిన ఆభరణములను చూచి శ్రీరాముడు పొందిన దుఃఖమును, తన జన్మవృత్తాంతమును చెప్పి హనుమ ముగించునప్పటికే ఆమె అతనిని దూతగా గ్రహించి ఆనందబాష్పములు విడిచినది. ఉంగరము తరువాతి సర్గలో వచ్చును. ముందుగా ఉంగరమునే ఇచ్చియున్నచో, మాయామృగమును కల్పించినవారికి మాయాంగుళీయకము ఒక లెక్కయా అను శంక మిగిలియుండెడిది. శీలమును రూపమును ఎరిగి చెప్పిన మాటకు పిదప వచ్చినది కాబట్టి ఆ ఉంగరము చేతిలో పడినప్పుడు పతియే ఎదుటికి వచ్చినంత సంతోషము కలిగినది.

ఇంత చక్కగా ఆనవాళ్లు చెప్పిన హనుమంతుడు ఆ రాత్రియే ఒకచోట ఆనవాలు తప్పినాడు. రావణాంతఃపురమున ప్రత్యేకమైన శయ్యపై నిదురించుచున్న మండోదరిని చూచి, ఆ రూపయౌవన సంపదనుబట్టి సీతయే యని భ్రమించెను. భ్రమించి ఊరకుండలేదు, భుజములు చరచుకొని, తోకను ముద్దిడుకొని, స్తంభములెక్కి దిగి, వానర స్వభావమునంతయు బయటపెట్టుకొన్నాడు. తోడనే వివేకము మేల్కొన్నది. శ్రీరాముని ఎడబాసిన సీతాదేవి నిదురించునా? భుజించునా? అలంకరించుకొనునా? పరపురుషుని చేరునా? ఈమె వేరొకతె అని నిశ్చయించుకొన్నాడు. ఇచట మండోదరి దోషమేమియు లేదు. ఆమెయు పతివ్రతయే, తన యింట తాను నిదురించుచున్నది. కాని సౌందర్యము నడుగగా అది తప్పు చెప్పినది, శీలము నడుగగా ఒప్పు చెప్పినది. సీతను గుర్తింపవలెనన్నచో ఆమె ముఖముకంటె ఆమె దుఃఖమును ముందుగా గుర్తింపవలెనని హనుమకు అప్పుడు తెలిసినది.

అశోకవనమున ఆయనకు నిజమైన జానకి కనబడినప్పుడు ముఖమున కాంతి లేదు, మేన అలంకారము లేదు. మాసిన పచ్చని వస్త్ర మొక్కటి కలదు. ఋశ్యమూకముపై పడిన ఉత్తరీయపు రంగే దానికిని కలదు. చెవులకు, చేతులకు మిగిలిన నగలు చిరకాలము ధరించుటచే నల్లబడియున్నవి. క్రింద పడినవి ఇచట లేవు, పడనివి ఇచట కలవు అని లెక్క సరిచూచుకొన్నాడు. నగలను, వస్త్రమును ఇట్లు తరచి చూచిన పిదప ఆయన ఆలోచన శ్రీరాముని వైపు మరలినది. స్త్రీ అపహృతయైనదని జాలి, ఆశ్రయించినది పోయినదని దయ, భార్య పోయినదని శోకము, ప్రియురాలు పోయినదని ప్రేమ, ఈ నాలుగింటితో ఆ ప్రభువు తపించుచున్నది ఈమెకొరకే యని నిశ్చయించెను. సీతను చూచి రాముని మనసు నెరిగినాడు. మరునాడో ఆ మరునాడో కాదు, ఆ రాత్రియే రాముని వర్ణించి సీతకు విశ్వాసము కలిగించినాడు.

వేషమును గూర్చి ఇంకొక మాట. కిష్కింధాకాండమున సుగ్రీవుడు భయపడి, వచ్చిన ఇరువురు ధనుర్ధరులు ఎట్టివారో ఇంగితముచేతను, రూపముచేతను, మాటలచేతను తెలిసికొని రమ్మని హనుమను పంపెను. హనుమ తన వానరరూపమును విడిచి భిక్షువేషముతో వెళ్లినాడు. రావణుడు ధరించినదియు పరివ్రాజక వేషమే. గుడ్డ ఒక్కటే, గుండెలు రెండు. ఆ భిక్షువు మాటలు విని శ్రీరాముడు తమ్మునితో పలికిన మాటలు మనుష్య పరీక్షకు ఒరవడి వంటివి. మూడు వేదములలో శిక్షణ పొందనివాడు ఇట్లు మాటలాడలేడని, వ్యాకరణమును పలుమారులు విన్నవాడని, ఇంతసేపు పలికినను ఒక్క అపశబ్దము దొరలలేదని మెచ్చుకొన్నాడు. మాట సాగదీయలేదు, సందేహము మిగల్చలేదు, తొందరపడలేదు, నానబెట్టలేదు, స్వరము మధ్యమము. అంతటితో విడువక, పలుకునప్పుడు ముఖమునగాని, కన్నులనుగాని, నుదుటగాని, కనుబొమలగాని ఎచ్చటను దోషము కానరాలేదని చూచి చెప్పినాడు. మాటను వినుచునే ముఖమును చదువుచున్నాడన్నమాట. వేషమును గూర్చి మాత్రము ఒక్క మాటయు అనలేదు.

చక్కగా వర్ణించినవారందరును చక్కగా చూచినవారని అనుకొనరాదు. శూర్పణఖయు ఖరునియెదుట రామలక్ష్మణులను వర్ణించినది. యౌవనము, సౌకుమార్యము, బలము చెప్పుటయే కాక, ఇంద్రియములను జయించినవారు, కందమూలములు భుజించువారు, ధర్మమును ఆచరించువారు అని గుణములను కూడ చెప్పినది. ఒక్క అబద్ధమును లేదు. ఇంత చెప్పి, వారి రక్తమును త్రాగగోరినది. ఆమె కన్నులకు లోపము లేదు, చూచినది లోనికి దిగలేదు.

యుద్ధకాండము 48వ సర్గలో లక్షణశాస్త్రమే బోనెక్కినది. ఇంద్రజిత్తు నాగాస్త్రముచే రామలక్ష్మణులు బద్ధులై రణభూమిలో పడియుండగా, రావణుని ఆజ్ఞచే రాక్షస స్త్రీలు సీతను పుష్పకముపై నెక్కించి ఆ దృశ్యమును చూపించినారు. చనిపోయినారనియే ఆమె తలచినది. అప్పుడు ఆమె విలపించుచు తన శరీర లక్షణములను తానే ఒక్కొక్కటిగా పరికించుకొన్నది. పాదములలో పద్మరేఖలు కలవు. కేశములు సన్ననివి, నల్లనివి, సమమైనవి. కనుబొమలు కలియలేదు. దంతములు సందు లేనివి. ఈ లక్షణములు గల స్త్రీకి వైధవ్యము లేదనియు, పతితో కూడ పట్టాభిషేకము కలదనియు చెప్పిన దైవజ్ఞుల మాటలన్నియు నేడు అబద్ధములైనవే యని వాపోయినది. కష్టము మీద పడినవేళ జాతకపు పత్రమును చింపివేయగోరు ప్రతి గృహిణియు ఈ ఘట్టమున తన్ను తాను చూచుకొనగలదు.

త్రిజట ఆమెను ఓదార్చిన విధము శాస్త్రార్థము నెరిగినవారి విధము. శాస్త్రము తప్పదని వాదమునకు దిగలేదు. చూడుమనినది. ప్రాణము పోయినవారి ముఖములు సాధారణముగా వికృతములగును, వీరి ముఖకాంతి తరుగలేదు. నాయకుడు పడినచో సేన చెదరిపోవును, ఈ సేన వీరిని కాచుకొని నిలిచియున్నది. భర్తను కోల్పోయినదానిని పుష్పకము మోయదు, నిన్ను మోయుచున్నది. మూడును కంటి ఎదుట నున్న గుర్తులే. దుఃఖముచే సీత పాతగుర్తులను తలంచుచు ఎదుటిగుర్తులను చూడలేదు. చివరగా ఆ రాక్షసకాంత, తాను ఇదివరలో అసత్యమాడలేదనియు ఇకముందు ఆడననియు, సీత సుఖశీలమును సచ్చరిత్రమును చూచియే ఆమెను తన హృదయమున నిలుపుకొంటిననియు పలికినది. లంకలో పుట్టి, రావణుని ఉప్పు తిని, కాపలాకు నియమింపబడినది త్రిజట. పుట్టుకను, ఉద్యోగమును చూచి ఆమెను కొట్టివేసియున్నచో ఆనాడు సీతాదేవికి నిజము చెప్పువారు లేరు.

శ్రీరంగమున జరిగిన ఒక వృత్తాంతము ఈ సందర్భమున తలపునకు రాక మానదు. తిరుప్పాణాళ్వారులు పాణర్ కులమున పెరిగినవారగుటచే కోవెల లోనికి వెళ్లక, కావేరి యొడ్డున వీణ మీటుచు, శ్రీరంగనాథుని కీర్తించుచు తన్ను తాను మరచియుండెడివారు. స్వామి తిరుమంజనమునకు తీర్థము కొనిపోవ వచ్చిన లోకసారంగముని తొలగుమని పిలిచినను వారికి వినబడలేదు. ముని కనులకు కానవచ్చినది దారికడ్డముగా నున్న ఒక పాణడు మాత్రమే. రాయి విసిరినాడు. ఆ రాయి ఆళ్వారులకు తగిలినది. కోవెలకు పోయి చూచునప్పటికి గాయము స్వామి నుదుట కనబడినది. ఆ భక్తుని భుజములపై మోసికొని తెమ్మని స్వామి ఆనతిచ్చినాడు. అందుచేతనే వారికి మునివాహనులను పేరు వచ్చినదని గురుపరంపర చెప్పుచున్నది. వారు సన్నిధిలో నిలిచి పలికిన అమలనాదిపిరాన్ ప్రబంధమున 10 పాశురములు కలవు. పాదములతో మొదలిడి, పీతాంబరము, నాభి, ఉదరబంధము, వక్షఃస్థలము, కంఠము, అధరము, నేత్రములు, దివ్యమంగళ విగ్రహము అను క్రమమున సాగును. అవయవవర్ణనమే, కాని పాదమునుండి కన్నులవరకు ఆ చూపు ఎక్కినకొలది చూచువాడు కరగిపోవుచున్నాడు. వేదాంతదేశికులు దీనికి 'మునివాహనభోగము' అను వ్యాఖ్యను రచించినారు. ఏ దేహమును చూచి జనులు దూరము తొలగిరో, ఆ దేహములోని కన్నులే స్వామి దేహమును అందరికంటె దగ్గరగా చూచినవి.

ఇక విభీషణ శరణాగతి. శ్రీవైష్ణవులకు ఇది రామాయణమునకు హృదయస్థానము. భగవద్రామానుజులు తిరుమలనంబిగారి సన్నిధిలో వేంకటాద్రి పాదమున ఒక సంవత్సరము శ్రీమద్రామాయణార్థములను అభ్యసించిరని సంప్రదాయము. తిరుమల ఆలయమున సీతారామలక్ష్మణులతోపాటు సుగ్రీవుని మూర్తియు వేంచేసియున్నది.

నలుగురు అనుచరులతో ఆకాశమున నిలిచి, తాను దుర్వృత్తుడైన రావణుని తమ్ముడనని, దారపుత్రులను విడిచి రాఘవుని శరణుజొచ్చితినని విభీషణుడు ప్రకటించినాడు. మంచి చేసికొనుటకు వచ్చినవాడు తన పేరుకు ముందు అన్నగారి చెడ్డపేరును చెప్పుకొనుట వింతయే. వానరసేన శిలలెత్తినది. శ్రీరాముడు అందరి అభిప్రాయములను అడిగినాడు. సుగ్రీవునికి ఆయుధములు కనబడినవి. శత్రువు, చారుడు, చంపదగినవాడు అన్నాడు. అంగదుడు గుణదోషములను తూచి గ్రహింపవలెననినాడు. శరభుడు చారులను పంపుమనెను. జాంబవంతునికి దేశకాలములు అనుమానాస్పదములుగా తోచినవి. మైందుడు మెల్లగా ప్రశ్నించి చూడుమనినాడు. ఎవరి మాటయు తీసివేయదగినది కాదు, యుద్ధముఖమున నున్న సేనకు ఈపాటి జాగ్రత్త ఉండవలసినదే.

హనుమంతుని మాట వేరుగా నున్నది. ఒకప్పుడు చెట్టు క్రింద తానే శంకింపబడి, పరీక్షింపబడి నిలిచినవాడు కదా. ఎదుట నిలిచినవానికై చారులను పంపుటలో అర్థము లేదనెను. హఠాత్తుగా ప్రశ్నలతో చుట్టుముట్టినచో బుద్ధిమంతుడు శంకించును, నిజముగా మిత్రుడై వచ్చినవాడు చెడిపోవుననెను. వాలి వధను, సుగ్రీవ పట్టాభిషేకమును విని, రాజ్యమును కోరి ఆలోచించియే వచ్చినాడని, అతని కోరికను కూడ దాచక చెప్పెను. అయినను అతని ముఖము ప్రసన్నముగా నున్నది, పలుకులో దుష్టభావము లేదు, కపటి అయినవాడు ఇంత నిశ్శంకగా రాలేడు. ఎంత కప్పిపుచ్చుకొన్నను మనుష్యుని ఆకారము లోపలి భావమును బలవంతముగా బయటపెట్టకమానదు అని తన నిర్ణయమును తెలిపెను. ముఖమును చదువు విద్యలో ఇంతకుమించిన సూత్రము సాముద్రిక గ్రంథములలో వెదకినను దొరకుట కష్టము.

హనుమ మాటకు శ్రీరాముడు సంతసించెను. కాని ఆ మాటయొద్ద ఆయన ఆగలేదు. ముఖము ప్రసన్నమా, కాదా అను విచారణను దాటిపోయినాడు. మిత్రభావముతో వచ్చినవానియందు దోషమున్నను విడువననెను. ఆపదలోని అన్నను విడిచినవాడు ఎవరిని విడువడని సుగ్రీవుడు మరల అడ్డుపడగా, సోదరులందరును భరతుని వంటివారు కారని చిరునవ్వుతో బదులిచ్చెను. తన భార్యను పట్టిన బోయవాడు శరణుజొచ్చినప్పుడు తన మాంసమునే ఆహారముగా ఇచ్చిన పావురమును, కండుమహర్షి ఉపదేశమును తలచినాడు. ఒక్కమారు నీవాడనని యాచించినచో సకల భూతములనుండి అభయమిచ్చుట తన వ్రతమని చెప్పి, వచ్చినవాడు విభీషణుడైనను, స్వయముగా రావణుడే యైనను తోడ్కొని రమ్మనినాడు. ఈ మాటలను ఆధారముగా గొనియే వేదాంతదేశికులు 'అభయప్రదానసారము'ను రచించినారు. సీతాదేవి పరీక్షించినది, హనుమ పరీక్షించినాడు, వారు పరీక్షింపవలసినవారే. వంచన జరిగినచో నష్టపోవువాడు పరీక్షింపవలెను. అందరిని అన్నివిధముల ముందే ఎరిగియున్నవానికి పరీక్షతో పనియేమి? అప్పుడే పుట్టిన దూడ మేని మురికిని చూచి గోవు దూరము తొలగునా?

అప్పుడు సుగ్రీవుడు పలికిన మాటను పారాయణమున పెక్కుమంది గమనింపక దాటిపోవుదురు. అనుమానముచేతను, భావముచేతను అన్నివిధముల పరికించి చూడగా, తన అంతరాత్మకును విభీషణుడు పరిశుద్ధుడనియే తోచుచున్నదని ఆతడనినాడు. కొంత సేపటికి ముందు చంపదగినవాడన్నదియు ఈతడే. ఆకాశమున నిలిచిన విభీషణుని ముఖము మారలేదు, చేతి ఆయుధములు మారలేదు, మాట మారలేదు.

విభీషణుడు అనుచరులతో నేలకు దిగి శ్రీరాముని పాదములపై వ్రాలెను. స్వామి అతనిని కౌగిలించుకొని, సముద్రజలము తెమ్మని లక్ష్మణుని ఆజ్ఞాపించెను. వానరుల నడుమ, రావణుడింకను లంకలో సింహాసనముపై నుండగనే, ఆ జలముతో విభీషణునకు లంకారాజ్యాభిషేకము జరిగినది.